‘ముందుకు జరిగిన’ పరీక్ష ఏ రోజున?

సంపాదకులకు నమస్కారం.

“బుధవారం జరగాల్సిన పరీక్షను రెండు రోజులు ముందుకు జరిపారు.” ఈ వాక్యం చదివి కొందరు పరీక్ష సోమవారమే అనుకుంటారు, కొందరు శుక్రవారం అనుకుంటారు. ఇద్దరి తెలుగూ సరైనదే. తేదీలు తమ వైపు నడిచి వస్తున్నాయని ఊహించుకునేవారికి ముందుకు జరగడమంటే తమకు దగ్గర పడడం. తేదీలు కదలకుండా ఉంటే తామే వాటి మీదుగా నడిచి పోతున్నామని ఊహించుకునేవారికి ముందు అంటే తాము పోయే దిక్కు. వాక్యంలోని ప్రతి మాటా తెలిసినా, కదులుతున్నది ఎవరో తేలితే తప్ప రోజు తేలదు.

ఇంగ్లీషులోనూ ఇదే చిక్కు ఉంది. మనస్తత్వ పరిశోధకులు లెరా బొరొడిట్‌స్కీ, మైకేల్ రామ్‌స్కార్ 2002లో ప్రచురించిన ప్రయోగాల్లో బుధవారం సమావేశం గురించి ఇలాంటి ప్రశ్నే వేశారు. భోజనం వరసలో బాగా ముందుకు వచ్చేసినవారు, విమానం అప్పుడే దిగినవారు శుక్రవారం అని ఎక్కువగా చెప్పారు. రైల్లో కూర్చున్నవారిలో మాత్రం ప్రయాణం మొదట్లోనో చివర్లోనో ఉన్నవారే ఎక్కువగా శుక్రవారం అన్నారు, మధ్యలో ఉన్నవారు అంతగా అనలేదు. రైలు అందరినీ మోసుకుపోతూనే ఉంది. ప్రయాణం గురించి ఆలోచించే ఘడియలో ఉన్నవారికే జవాబు మారింది. ఒళ్ళు కదలడం ఒక్కటే చాలదు, ఆ కదలిక మనసులో మెదలాలి.

వైద్యం, విజ్ఞానం, చట్టం, ఆర్థికం విడమరిచి చెప్పే పేజీలు పత్రికల్లో పెరిగాయి. అది మంచి సంగతి. కానీ ఆ రాతలు దిద్దేటప్పుడు శ్రమంతా కఠినమైన మాట తీసి తేలిక మాట పెట్టడం మీదే పోతోంది. మాట తేలికైనంత మాత్రాన అర్థం అందదు. అర్థానికి కావలసిన సరుకు చాలావరకు ఒంటి అనుభవం నుంచి వస్తుంది. ఆ సరుకులో ఏది ముందుకు తేవాలో భాష చెబుతుంది. ఎదురుగా లేనిదాన్ని ఆ సరుకుతో నిలబెట్టేది ఊహ. వివరించే రాతలో ఈ మూడింటికీ చోటు చూపాలని అడగడానికే ఈ ఉత్తరం.

ముందు ఒంటి సంగతి. ధరలు ఎక్కుతాయి, దిగుతాయి. మనసు బరువెక్కుతుంది. మాట జారుతుంది. పాఠం తలకెక్కదు. కోపం చల్లారుతుంది. ఇవి కవులు కట్టినవి కావు, రోజూ అందరూ అనేవి. ఇలాంటివి చెల్లాచెదురుగా పుట్టలేదని, వాటి వెనుక ఒక క్రమం ఉందని భాషావేత్త జార్జ్ లేకాఫ్, తత్వవేత్త మార్క్ జాన్సన్ 1980లో ఎత్తి చూపారు. పాత్రలో పోసేకొద్దీ మట్టం పైకి వస్తుంది, రాశి పోసేకొద్దీ ఎత్తు పెరుగుతుంది. ఎక్కువ అంటే పైన అన్న లెక్క అక్కడ కుదిరింది. అందుకే “ద్రవ్యోల్బణం తగ్గింది” అన్న వార్త చదివి చాలామంది ధరలు దిగాయనుకుంటారు. తగ్గింది పెరుగుదల వేగం, ధరలు ఇంకా ఎక్కుతూనే ఉన్నాయి. “ధరలు ఇంకా పెరుగుతున్నాయి, కాకపోతే మునుపటికంటే నెమ్మదిగా” అని రాస్తే ఆ పొరపాటు జరగదు. మొదటి వాక్యంలో తప్పుడు మాట ఒక్కటీ లేదు. తప్పు పాఠకుడి మనసులో నిలిచిన బొమ్మలో ఉంది. ఆ బొమ్మకు బాధ్యత రాసినవారిదే.

ఒళ్ళు మారితే అర్థం కొంత మారుతుందని చూపిన పని కూడా ఉంది. కుడిచేతి వాటం ఉన్నవారు మంచిని కుడివైపుకు, ఎడమచేతి వాటం ఉన్నవారు ఎడమవైపుకు చేర్చే మొగ్గు చూపుతారని డేనియల్ కసాసాంటో 2009లో ప్రచురించారు. తర్వాత ఆయన, ఎవాంజెలియా క్రిసికూ కలిసి కుడిచేతి వాటం ఉన్నవారిలో కొందరికి కుడిచేతికే మందపాటి చేతితొడుగు వేసి, డొమినో బిళ్ళలు నిలబెట్టే పని పన్నెండు నిమిషాల పాటు చేయించారు. వాటమైన చెయ్యి మొద్దుబారిపోయిన ఆ కాసేపటికే వాళ్ళ మొగ్గు ఎడమకు తిరిగింది.

అయితే ఈ రంగంలో నిలిచినవీ ఉన్నాయి, నిలవనివీ ఉన్నాయి. వెచ్చటి కప్పు చేతిలో పట్టుకున్నవారికి ఎదుటి మనిషి ఆప్యాయంగా కనిపిస్తాడన్న 2008 నాటి ఫలితం ఇప్పటికీ ఆదివారం సంచికల్లో తిరుగుతూ ఉంటుంది. ఎక్కువ మందితో మళ్ళీ చేసి చూసినప్పుడు అది నిలబడలేదు. మన వైపు వచ్చే పనిని చెప్పే వాక్యం చదివితే చెయ్యి ఒంటి వైపు తొందరగా కదులుతుందన్న 2002 నాటి ఫలితం కూడా, అనేక ప్రయోగశాలలు ముందే పద్ధతి ప్రకటించి కలిసి చేసిన పరీక్షలో కనిపించలేదు. వీటిని ఇంకా రుజువైన సత్యాలుగా అచ్చు వేయడం పాఠకులకు అన్యాయం.

నిలిచిన వాటిలో ఒకటి చూడండి. “గద్ద ఆకాశంలో ఉంది”, “గద్ద గూటిలో ఉంది” అన్న రెండు వాక్యాల్లో రెక్కల మాటే లేదు. అయినా మొదటిది చదివినవారు రెక్కలు విప్పిన గద్ద బొమ్మను, రెండోది చదివినవారు రెక్కలు ముడిచిన గద్ద బొమ్మను త్వరగా గుర్తుపడతారు. రోల్ఫ్ జ్వాన్, సహచరులు 2002లో ప్రచురించిన ఈ ఫలితం తర్వాతి పరీక్షల్లో కూడా గట్టిగానే నిలిచింది. వాక్యం చెప్పని వివరాన్ని చదివేవారు తామే నింపుకుంటారు. నింపుకునే వివరం తప్పయ్యే అవకాశం ఉంటే దాన్ని రాసి తీరాలి. “వంతెన మీద బస్సు ఉంది” అంటే నడుస్తున్న బస్సా, ఆగిన బస్సా? “బాధితుడు నేల మీద ఉన్నాడు” అంటే పడి ఉన్నాడా, కూర్చున్నాడా? ఒక్క క్రియ పెడితే తేలిపోయేదాన్ని ‘ఉంది’, ‘ఉన్నాడు’ దగ్గర వదిలేస్తే ఎవరి ఊహ వారిదవుతుంది.

అలాగని అర్థమంతా కంటి ముందు బొమ్మే అనుకోవడం కూడా తప్పు. పుట్టుకతో చూపు లేనివారికి తొంగిచూడడానికీ తేరిపార చూడడానికీ ఉన్న తేడా చూపున్నవారికి తెలిసినంత సూక్ష్మంగా తెలుసునని మరీనా బెడ్నీ బృందం 2019లో చూపింది. ఆ జ్ఞానం వారికి మాటల్లోంచి, మనుషుల మధ్య మసలడంలోంచి వచ్చింది. కళ్ళు మూసుకుని ఊహించబోయినా మనసులో ఏ బొమ్మా కనిపించనివారు కూడా ఉన్నారు. ఆ స్థితికి ఆడమ్ జెమన్, సహచరులు 2015లో అఫాంటేసియా అని పేరు పెట్టారు. వారు చదువుతారు, రాస్తారు, దారులు గుర్తుపెట్టుకుంటారు. బొమ్మ లేకపోయినా ఏది ఎటు, ఏది దేని తర్వాత అన్న పొందిక వారికి ఉంటుంది. అందువల్ల “ఊహించుకోండి” అని వదిలేసే రాత కొందరికి ఏమీ ఇవ్వదు. పైన ఏముంది, లోపల ఏముంది, ఏది దేన్ని తోస్తోంది, మొదట ఏం జరిగింది అన్నది మాటల్లో రాస్తే అందరికీ చేరుతుంది.

భాష చేసే ఎంపిక గురించి ఒక మాట. ఆండీస్ కొండల్లోని ఐమారా భాషలో గతం ఎదురుగా, భవిష్యత్తు వెనుక ఉంటాయి. మాటల్లోనే కాకుండా పెద్దవాళ్ళ చేతి సైగల్లోనూ అదే క్రమం కనిపించిందని రాఫెల్ న్యూన్యెస్, ఈవ్ స్వీట్సర్ 2006లో రాశారు. అందరిదీ ముందుకు నడిచే ఒళ్ళే. ఆ ఒంటి అనుభవంలోంచి భాషలు వేర్వేరు ముక్కలు ఎంచుకుంటాయి. జరిగినది కంటికి తెలిసినది కాబట్టి ఎదురుగా ఉంటుంది అన్నది ఒక ఎంపిక, పోయే దిక్కు ముందు అన్నది ఇంకొకటి. తెలుగులో ‘వెనకటి రోజులు’ గతం, ‘ముందు రోజుల్లో’ భవిష్యత్తు, ‘పండగకు ముందు రోజు’ మళ్ళీ గడిచిపోయేది. అందుకే వాయిదా వార్తల్లో ముందు, వెనక అన్న మాటలు ఎంత జాగ్రత్తగా వాడినా లాభం లేదు. పాత తేదీ, కొత్త తేదీ, రెండింటికీ వారం పేరు రాయాలి.

తెలుగు ఎంపికల్లో మరొకదాన్ని అనువాద వార్తలు రోజూ పాడుచేస్తున్నాయి. ఇంగ్లీషు క్రియ కదలిక తీరును తనలోనే పెట్టుకుంటుంది, దారిని పక్క మాటకు వదులుతుంది. తెలుగు క్రియ ఎక్కువగా దారిని పట్టుకుంటుంది: వెళ్ళింది, దిగింది, ఎక్కింది, దాటింది, పడింది. తీరు చెప్పాలంటే ‘దొర్లుకుంటూ’, ‘పాక్కుంటూ’, ‘కుంటుతూ’ అని విడిగా తేవాలి. తొందరలో అనువదించేవారు దారి రాసి తీరు వదిలేస్తారు. “లారీ లోయలోకి వెళ్ళింది” అని మిగులుతుంది. జారుతూ వెళ్ళిందా, పల్టీలు కొడుతూ వెళ్ళిందా, నేరుగా దూకినట్టు వెళ్ళిందా అన్నది పోయింది. ప్రమాదం ఎలా జరిగిందో తెలుసుకోవాలనుకునేవారికి కావలసింది సరిగ్గా అదే.

ఆ తీరును ఒక్క మాటలో పట్టుకునే సొత్తు తెలుగుకు ఉంది. దబ్బున పడడం, టప్పున రాలడం, జరజరా పాకడం, గిర్రున తిరగడం, బిరబిరా నడవడం, తటాలున లేవడం, చటుక్కున పట్టుకోవడం. వార్తలకు ఇవి పనికిరావని, పిల్లల కథల్లోవని కొట్టేసే అలవాటు డెస్కుల్లో ఉంది. ఈ కోత నాకు చాలా బాధ కలిగించే సంగతి. ‘దబ్బున’ అంటే బరువైనది, ఒక్కసారిగా, మెత్తటి లేదా వెడల్పాటి చప్పుడుతో. ‘టప్పున’ అంటే చిన్నది, తేలికైనది. ‘తటాలున’ అంటే ముందస్తు సూచన లేకుండా. ఇలాంటి మాటల్లో బరువు, వేగం, చప్పుడు, ఎన్నిసార్లు అన్న వివరాలు ఇమిడి ఉన్నాయి. జరజరా, బిరబిరా వంటి జంటమాటలు ఆగకుండా సాగే కదలికకు, దబ్బున వంటి ఒంటిమాటలు ఒక్కసారి జరిగి ముగిసిన కదలికకు. ఇంత వివరాన్ని వాక్యాల్లో విప్పాలంటే మూడు వరసలు పడతాయి.

ధ్వనికీ ఆకారానికీ మధ్య పొత్తు ఉట్టి భ్రమ కాదు. గుండ్రటి మడతల బొమ్మ, మొనలు తేలిన బొమ్మ రెండూ చూపి బూబా ఏది, కికీ ఏది అని అడిగితే ఎక్కువ మంది గుండ్రటిదాన్ని బూబా అంటారు. 2022లో ప్రచురితమైన పరిశీలన 25 భాషల వారిని అడిగి చూసింది. మొత్తం మీద ఆ మొగ్గే బలంగా కనిపించింది, వాడే లిపి వేరైనా కనిపించింది. కొన్ని భాషల్లో మాత్రం అది బలహీనంగా ఉంది. ‘బూ’ అన్నప్పుడు పెదవులు గుండ్రంగా ముడుచుకోవడం, ‘కి’ అన్నప్పుడు నాలుక అంగిలికి తగిలి ఠక్కున విడివడడం ఇందుకు ఒక కారణం కావచ్చు. నోరు కూడా ఒళ్ళే కదా.

ఈ విషయమంతా ప్రాణం మీదికి వచ్చే చోటు ఒకటుంది. అది నొప్పి. నొప్పి బయటికి కనిపించదు. మాట, సైగ తప్ప దానికి వేరే దారి లేదు. రొనాల్డ్ మెల్జాక్ 1975లో ప్రచురించిన మెక్‌గిల్ ప్రశ్నావళిలో నొప్పికి 78 మాటలు, 20 గుంపులు ఉన్నాయి. రోగులు వాడే మాటల్లో తేడా ఉందని, ఆ తేడా వైద్యుడికి పనికివస్తుందని ఆయన గట్టిగా నమ్మారు. మన ఆరోగ్య శీర్షికలు మాత్రం ‘నొప్పి’, ‘తీవ్రమైన నొప్పి’ అన్న రెండిటితో సరిపెడుతున్నాయి. తెలుగు వాళ్ళ నోట్లో ఉన్నది ఇంత పేదగా లేదు. సలుపు అంటే నాడి కొట్టుకున్నట్టు ఆగి ఆగి వచ్చేది, చీము పట్టిన వేలికి వచ్చేది. పోటు లోపలికి పొడుచుకుని వచ్చేది. కలుక్కుమనడం ఒక్క కదలికతో ఒక్క క్షణం వచ్చి పోయేది. పీకుడు గంటల తరబడి కాళ్ళను లాగేది. చురుక్కు పైపైన, చర్మానికి దగ్గరగా ఉండేది. మంట, తిమ్మిరి, జివ్వుమనడం, పట్టేయడం, బరువు ఇవన్నీ వేరువేరు. సున్నా నుంచి పది దాకా అంకె అడిగితే ఎంత నొప్పో తెలుస్తుంది, ఎలాంటి నొప్పో తెలియదు.

గుండెపోటు హెచ్చరికల్లో “ఛాతీ నొప్పి వస్తే వెంటనే ఆస్పత్రికి వెళ్ళండి” అని రాస్తారు. గుండెకు రక్తం అందనప్పుడు చాలామందికి తెలిసేది వాళ్ళు నొప్పి అని పిలిచేది కాదు. బరువు పెట్టినట్టు, గట్టిగా కట్టినట్టు, అదిమినట్టు, మంటలా ఉందంటారు. “నొప్పి ఉందా?” అని అడిగితే “లేదు” అనే జవాబు నిజాయతీగానే వస్తుంది. హెచ్చరిక చదివినవారు అది తమ గురించి కాదనుకుంటారు. అందుకని ఆ హెచ్చరికలో ఇలా ఉండాలి: ఛాతీలో నొప్పి గానీ, బరువు గానీ, బిగింపు గానీ, మంట గానీ, అది దవడకు, భుజానికి, చేతికి, వీపుకు పాకడం గానీ, ఆయాసం, చెమట, వికారం తోడవడం గానీ. మాటలు నాలుగు ఎక్కువైతే ఏమీ కాదు, చోటు దొరుకుతుంది.

నొప్పి గురించి అడిగే తీరు కూడా పత్రికలు నేర్పవచ్చు. ముందు మాట అడక్కుండా “ఎక్కడో చూపించండి” అనాలి. ఒక్క వేలి కొనతో చూపిస్తారా, అరచెయ్యంతా పరుస్తారా, చేతిని ఒక దారి వెంట జరుపుతారా అన్నదానిలోనే సగం సమాచారం ఉంటుంది. పిడికిలి బిగించి ఛాతీకి ఆనించే సైగను గుండె వైద్యులు శామ్యూల్ లెవీన్ పేరుతో పిలుస్తారు. అది కనిపిస్తే గమనించాలి, కనిపించకపోతే గుండెది కాదని తేల్చడానికి మాత్రం పనికిరాదు. తర్వాత “ఏం చేస్తున్నట్టు ఉంది?” అని అడగాలి. పొడుస్తోందా, లాగుతోందా, అదుముతోందా, కాలుస్తోందా అన్న క్రియలు చెప్పడం పేర్లు చెప్పడం కంటే సులువు. ఆ తర్వాత ఎంతసేపు, ఏం చేస్తే పెరుగుతుంది, ఏం చేస్తే తగ్గుతుంది. చివర్లోనే అంకె. అంకెతో మొదలుపెడితే రోగి ధ్యాసంతా సరైన అంకె వెతకడం మీదికి పోతుంది.

ఇక పోలికలు. విజ్ఞాన వ్యాసాల్లో ఇవి లేకుండా పని జరగదు, కానీ వాటిని నగలుగా చూస్తున్నంత కాలం అవి నష్టం చేస్తూనే ఉంటాయి. విద్యుత్తు ఉదాహరణే తీసుకుందాం. డీడ్రే గెంట్నర్, డొనాల్డ్ గెంట్నర్ 1983లో ప్రచురించిన పరిశోధనలో విద్యుత్తును నీటి ప్రవాహంగా భావించినవారు బ్యాటరీల లెక్కలు మెరుగ్గా చెప్పారు. గుంపుగా కదిలే జనంగా భావించినవారు నిరోధకాల, అంటే విద్యుత్తు ప్రవాహానికి అడ్డుపడే భాగాల, లెక్కలు మెరుగ్గా చెప్పారు. కారణం సులువుగానే తెలుస్తుంది. నీటి తొట్టెలను ఒకదాని మీద ఒకటి పెడితే ఒత్తిడి పెరుగుతుంది, పక్కపక్కన పెడితే పెరగదు, బ్యాటరీలూ అంతే. నిరోధకాన్ని నీటికి అడ్డుగా ఊహిస్తే రెండు అడ్డులు ఎలా పెట్టినా ప్రవాహం తగ్గుతుందనిపిస్తుంది. దాన్ని జనం దాటే ఇరుకు వాకిలిగా ఊహిస్తే పక్కపక్కన రెండు వాకిళ్ళుంటే ఎక్కువ మంది దాటతారని వెంటనే తడుతుంది.

నీటి పోలిక విరిగే చోట్లు కూడా ఉన్నాయి. గొట్టం కోస్తే నీరు బయటికి కారుతుంది, తీగ తెగితే ప్రవాహం ఆగిపోతుంది. ఖాళీ గొట్టాన్ని ఊహించుకున్నవారు మీట నొక్కాక విద్యుత్తు అంత దూరం నుంచి ప్రయాణం చేసి రావాలనుకుంటారు. సాధారణ రాగి తీగలో ఎలక్ట్రాన్లు సగటున ముందుకు సాగే వేగం సెకనుకు ఒక మిల్లీమీటరు కంటే తక్కువే. దీపం మాత్రం నొక్కిన వెంటనే వెలుగుతుంది. ‘నిండుగా ఉన్న గొట్టం’ అన్న ఒక్క విశేషణం చేర్చితే ఈ చిక్కు చాలావరకు తీరుతుంది: ఇటు తోయగానే అటు కదులుతుంది.

పోలిక అచ్చుకు వెళ్ళేముందు చేయవలసిన పని ఇది. ఏ సంబంధాన్ని మోయడానికి ఆ పోలిక తెచ్చామో ఒక వాక్యంలో రాసుకోవాలి. వస్తువు వస్తువులా ఉండడం ముఖ్యం కాదు, ఒకటి పెరిగితే ఇంకొకటి ఏమవుతుందన్నది ముఖ్యం. తర్వాత అది ఎక్కడ విరుగుతుందో కనీసం ఒక చోటు వెతికి, ఆ సంగతి వ్యాసంలోనే చెప్పాలి. పోలికకు తెచ్చిన వస్తువు పాఠకుడి ఒంటికి తెలిసినదై ఉండాలి: ఎత్తినది, తోసినది, దాటినది, మోసినది. కణాన్ని కర్మాగారంతో పోలిస్తే కర్మాగారంలో అడుగు పెట్టనివారికి రెండు తెలియనివి మిగులుతాయి. విషయం కాస్త జటిలమైతే ఒక పోలికకు బదులు రెండు ఇవ్వాలి. ఒక్కటే ఇస్తే పాఠకుడు దాన్నే విషయం అనుకుంటాడు, రెండిచ్చినప్పుడు రెండింటిలో ఉమ్మడిగా ఉన్నదాన్ని పట్టుకుంటాడు.

పెద్ద అంకెలకూ ఇదే సూత్రం. నోట్లు పేర్చితే చంద్రుడి దాకా పోతాయన్న రకం పోలికలు దండగ. చంద్రుడి దాకా ఎవరి కాళ్ళూ నడవలేదు. కాలం అందరి ఒంటికీ తెలుసు. లక్ష సెకన్లంటే దాదాపు 28 గంటలు. కోటి సెకన్లు 116 రోజులు. వంద కోట్లు 31 ఏళ్ళ ఎనిమిది నెలలు. లక్ష కోట్ల సెకన్లు సుమారు 31,700 ఏళ్ళు. లక్షకూ కోటికీ లక్ష కోట్లకూ మధ్య దూరం ఇలా చెబితే పొరపాటు పడే వీలు తక్కువ.

జబ్బును యుద్ధంగా రాయడం మానాలని నా గట్టి అభిప్రాయం. క్యాన్సర్‌ను శత్రువుగా వర్ణించిన రాత చదివినవారిలో నివారణ కోసం కొన్ని అలవాట్లు తగ్గించుకోవాలన్న ఉద్దేశం తగ్గిందని డేవిడ్ హౌజర్, నార్బర్ట్ ష్వార్జ్ 2015లో ప్రచురించారు. యుద్ధమంటే దాడి చేయడం, మానుకోవడం అందులో ఇమడదు. “పోరాడి ఓడిపోయారు” అని రాస్తే చనిపోయినవారి మీద చేతగానితనం మోపినట్టవుతుంది. అయితే ఆ పోలికతోనే ధైర్యం తెచ్చుకునే రోగులూ ఉన్నారు. వారు స్వయంగా అన్న మాటను వారి మాటగానే అచ్చు వేయండి. విలేఖరి వాక్యంలో మాత్రం చికిత్స తీసుకున్నారు, తగ్గింది, తిరగబెట్టింది, మరణించారు అని ఉంటే చాలు.

శీర్షికల గురించి క్లుప్తంగా చెబుతాను. జాన్ బ్రాన్స్‌ఫర్డ్, మార్సియా జాన్సన్ 1972లో బట్టలు ఉతకడాన్ని పేరెత్తకుండా వర్ణించిన ఒక పేరా వినిపించారు. విషయం ఏమిటో ముందే తెలిసినవారు బాగా అర్థం చేసుకున్నారు, బాగా గుర్తుపెట్టుకున్నారు. విన్నాక తెలుసుకున్నవారికి ఏ లాభమూ కలగలేదు. ఊరించే శీర్షిక పెట్టి మూడో పేరాలో విషయం బయటపెట్టే పద్ధతి వివరణ వ్యాసాలకు హాని చేస్తుంది. మొదటి రెండు పేరాలు పాఠకుడి తలలో ఎక్కడా నిలవవు. దీనికి తోడు తెలుగులో క్రియ చివర వస్తుంది. “కోర్టు ఇచ్చిన ఆదేశాన్ని అమలు చేయని అధికారులపై చర్య తీసుకోవాలని కోరుతూ వేసిన పిటిషన్‌ను కొట్టివేసిన తీర్పును” అంటూ పోయే వాక్యంలో చివరిదాకా ఎవరు ఏం చేశారో నిలబెట్టుకోవడానికి ఏమీ దొరకదు. జరిగిన వరసలో నాలుగు చిన్న వాక్యాలుగా విడగొడితే సరిపోతుంది.

ఇవన్నీ కుదిరాయో లేదో చూడడానికి ఖర్చు లేని పరీక్ష ఒకటుంది. మనిషి చేతులు అర్థంతో కలిసి కదులుతాయి. పుట్టుకతో చూపు లేనివారు, ఎదుటివారికి కూడా చూపు లేదని తెలిసి కూడా, మాట్లాడేటప్పుడు సైగలు చేస్తారని జానా ఐవర్సన్, సూసన్ గోల్డిన్-మెడో 1998లో చూపారు. చేతులు కదలనివ్వకుండా చేస్తే చోటు, దిక్కు చెప్పే మాటలు తడబడతాయని 1996లో మరో బృందం ప్రచురించింది. పిల్లలు లెక్క గురించి నోటితో ఒకటి చెబుతూ చేతులతో ఇంకొకటి చూపుతున్నప్పుడు వారు నేర్చుకోవడానికి సిద్ధంగా ఉన్నట్టని గోల్డిన్-మెడో పరిశోధనలు చాలాకాలంగా చెబుతున్నాయి.

అందుకని వివరణ వ్యాసంలో కీలకమైన రెండు వందల మాటల భాగాన్ని ఆ విషయం తెలియని సహోద్యోగికి ఇవ్వండి. ఒకసారి చదివాక కాగితం తీసేసుకుని, “ఎలా జరుగుతుందో చేతులతో చూపిస్తూ చెప్పండి” అనండి. మధ్యలో సాయం చేయకండి, తలాడించకండి. నోటి కంటే చేతులను చూడండి. చేతులు తప్పు దిక్కుకు పోతే దారి చెప్పే క్రియ లోపించింది. దిక్కు సరిగ్గా ఉండి వేగమో బరువో తప్పితే తీరు చెప్పే మాట లోపించింది. వరస తారుమారైతే వాక్యం పొడవు తగ్గించాలి. నోరు కదులుతూ చేతులు ఒళ్ళో కదలకుండా ఉంటే అక్కడ ‘ప్రక్రియ’, ‘వ్యవస్థ’, ‘ప్రభావం’ లాంటి నామవాచకాలు పేరుకుని ఉంటాయి. వాటిలో ఒక్కొక్కదాన్నీ ఎవరు దేన్ని ఏం చేస్తున్నారన్న వాక్యంగా విప్పాలి. నోరు సరిగ్గా చెబుతూ చేతులు వేరేది చూపిస్తే మాటలు కంఠతా వచ్చాయే తప్ప విషయం అందలేదు, సాధారణంగా అక్కడ పోలిక విరిగి ఉంటుంది. తడబడిన వాక్యం ఒక్కటే మార్చి, ఈసారి ఇంకొకరికి ఇవ్వండి. మొదటివారికే మళ్ళీ ఇస్తే పాత బొమ్మతో కొత్త వాక్యాన్ని సరిపెట్టుకుంటారు, మార్పు పనిచేసిందో లేదో తెలియదు.

ఇట్లు,
భాషాబోధనలో ఉన్న ఒక పాఠకురాలు